ముప్పై అయిదో సాక్ష్యం

చదివేవాళ్ళు ముందుగా నన్ను క్షమించాలి. నేను అక్షరాలు నేర్చుకుని రెండేళ్ళు దాటలేదు. ఒత్తు ఒకచోట పెడితే ఇంకోచోట మరిచిపోతాను. నేను ఒక పేజీ నింపేలోపు చెయ్యి తిరిగినవాళ్ళు పది దుప్పట్లు ఇస్త్రీ చేసి మడత పెట్టేస్తారు. తప్పులు దిద్దిపెడతానని పత్రికాఫీసులో అచ్చుతప్పులు దిద్దే ప్రూఫులాయన రెండుసార్లు అడిగాడు. వద్దన్నాను. ఎందుకు వద్దన్నానో చదివితే మీకే తెలుస్తుంది.

మా ఆయనా నేనూ ముప్పై ఏళ్ళు ఇస్త్రీ కొట్టు నడిపాం. ఆయన పోయాక, ఒంటరిగా ఎందుకని మా చెల్లి నన్ను నివాసానికి తీసుకువెళ్ళింది. నివాసమంటే ఊరి చివర ఎత్తయిన గోడల మధ్య మూడు వందల మంది కలిసి ఉండే చోటు. దాన్ని నడిపే మనిషిని అందరూ పెద్దాయన అంటారు. మందు మింగడమంటే దేవుణ్ణి శంకించడమేనని ఆయన బోధ. మా చెల్లి పెళ్ళి చేసుకోలేదు, ఇరవై రెండేళ్ళు బడిలో లెక్కలు చెప్పింది. నాకు చదువు లేదు. చిన్నప్పుడు ఇద్దరిలో ఒకరం ఇంటిపట్టున ఉండాల్సి వచ్చింది, పెద్దదాన్ని గనక నేనున్నాను. అందుకు నాకెప్పుడూ బాధ లేదు. కాగితం మీద ఏముందో తెలుసుకోవాలంటే చెల్లి ఉంది. అది చదివి చెప్పిందంటే నాకు రాతి మీద గీతే.

నివాసంలో ఇస్త్రీ గది నాకు అప్పగించారు. మూడు వందల మంది బట్టలకూ అంచున ఎర్రదారంతో గుర్తులు కుట్టి ఉండేవి. చెల్లి గుర్తు రెండు చుక్కలు, ఒక గీత. ఏ గుర్తు ఎవరిదో నిద్రలో లేపి అడిగినా చెప్పేదాన్ని. ప్రతి శనివారం నివాసం గుమస్తా ఇంకు ప్యాడు, కాగితాల కట్ట పట్టుకుని వచ్చేవాడు. ఊళ్ళ నుంచి రాలేనివాళ్ళ తరఫున ఒక ముద్ర వెయ్యమనేవాడు, నాకూ పుణ్యమనేవాడు. వేసేదాన్ని. తెల్లబట్టలకు అంటకుండా బొటనవేలు కిరసనాయిలుతో తుడుచుకునేదాన్ని. సిరా మరక పడితే ఎలా వదిలించాలా అని ఆలోచించాను గానీ, ఆ కాగితాల్లో ఏముందని ఒక్క శనివారమైనా అడగలేదు.

సాయంత్రం భోజనాలయ్యాక చెల్లి నాకు సాక్ష్యాల పుస్తకం చదివి వినిపించేది. నివాసం దయవల్ల రోగాలు నయమైనవాళ్ళు తమ కథ తామే చెప్పుకున్నట్టుగా ఉండే పుస్తకం అది. కథ కింద చెప్పినవాళ్ళ సంతకమో వేలిముద్రో అచ్చు వేసేవారు. చిన్న చిన్న నల్లటి మచ్చలు. నేనెప్పుడూ పరకాయించి చూడలేదు. చెల్లికి పన్నెండేళ్ళుగా సుగరు. అందుకని పొలం పని చేసుకునే ఒకావిడ సుగరు కథంటే దానికి ప్రాణం. "సూది మానేసి నమ్మకం పట్టుకున్నాను. నలభై రోజుల్లో నా రక్తం నీళ్ళలా తేటపడింది." విని విని నాకు నోటికి వచ్చేసింది. అది నమ్మే చెల్లి సూది మానేసింది.

మనుషులు దాచేది బట్టలు దాచవు. సూది మానేసిన మూడో నెలలో చెల్లి ఎడమకాలి మేజోడు మీద, చిటికెన వేలి దగ్గర, పసుపుపచ్చ మరక కనిపించింది. తర్వాతి వారం మరక పెద్దదయింది. అడిగితే చెప్పు కరిచిందంది.

"రెండు వారాలుగా కరుస్తుంటే అది చెప్పా, కుక్కా?" అన్నాను. నవ్వి మేజోడు నా చేతిలోంచి లాక్కుంది.

ఆ రోజుల్లోనే విలేకరమ్మ వచ్చింది. నివాసం గేటుకి ఎదురు వీధిలో అతిథుల ఇల్లు ఉంది. రోజూ మధ్యాహ్నం రెండింటికి అక్కడికి దుప్పట్లు, దిండు గలీబులు నేనే మోసుకెళ్ళేదాన్ని. ఆ వేళ కళ్ళజోడు మెడలో వేలాడేసుకున్న ఒకావిడ గలీబులు అందుకుంటూ నా చెయ్యి పట్టుకుని వదల్లేదు. నా కుడి బొటనవేలికి అడ్డంగా లోతైన మచ్చ ఉంది. నాకు తొమ్మిదేళ్ళప్పుడు చెల్లి ట్రంకు పెట్టె మూత నా చేతి మీద పడేసింది. ముద్ర వేస్తే ఆ మచ్చ తెల్లని గీతలా పడుతుంది.

ఆవిడ తలుపు దగ్గరగా వేసి, తాను పత్రికలో పని చేస్తానని, ఏడు నెలలుగా నివాసం గురించి వాకబు చేస్తున్నానని చెప్పింది. మందులు మానేసి చనిపోయిన ఇద్దరి ఇళ్ళకు వెళ్ళిందట. రెండిళ్ళలోనూ సాక్ష్యాల పుస్తకం ఉందట. అందులో ఉన్నవాళ్ళను వెతుక్కుంటూ వెళ్తే ఆ ఊళ్ళలో ఆ పేరు గల మనిషే లేరట. సంచిలోంచి కాగితాలు తీసి మంచం మీద పరిచింది. పుస్తకంలోని వేలిముద్రలను అరచెయ్యంత పెద్దవి చేయించింది. అన్నిటిలోనూ అడ్డంగా ఒకటే తెల్ల గీత.

"ముప్పై ఒకటి పెద్దమ్మా. ముప్పై ఒక్క పేర్లు. ఒకటి చదవనా?" అంది.

చదవడం మొదలుపెట్టింది. పొలం పని చేసుకునే దాన్ని, పన్నెండేళ్ళుగా సుగరు, సూది మానేసి నమ్మకం పట్టుకున్నాను. ఆవిడ ఊపిరి తీసుకునేలోపు మిగతాది నేనే పూర్తి చేశాను. నా నోటితో అన్నాక గానీ నాకు తలకెక్కలేదు. ఆ కథ కింద ఉన్న వేలు నాది. మంచం కోడు పట్టుకుని కూర్చుండిపోయాను. మా చెల్లి చేత సూది మాన్పించింది నేను.

పరుగెత్తుకెళ్ళి చెల్లికి చెప్పేద్దామని లేచాను. విలేకరమ్మ ఆపింది. నివాసంలో ప్రతి ఆదివారం మనసులో ఉన్నదంతా పెద్దాయన ముందు ఒప్పుకోవాలి. మా చెల్లి కడుపులో ఆవగింజంత మాట కూడా దాగదు. ఆదివారానికల్లా పెద్దాయనకు చేరుతుంది, పుస్తకాలు మాయమవుతాయి, మమ్మల్ని చెరో ఊరి నివాసానికి పంపేస్తారు. విలేకరమ్మ చెప్పింది నిజమే. కానీ అది సగం నిజం. మిగతా సగం నా సిగ్గు. పత్రిక చదివే వేలమందికి చెప్పడానికి సిద్ధపడ్డాను గానీ, చెల్లి ఒక్కదాని మొహం చూసి చెప్పడానికి నాకు నోరు రాలేదు.

పత్రికాఫీసు అతిథుల ఇంటికి రెండు వీధుల అవతల. మర్నాడు మధ్యాహ్నం దుప్పట్లు ఇచ్చేసి అక్కడికి వెళ్ళాను. విలేకరమ్మ నేను చెప్పిందంతా నాలుగు పేజీలు రాసి, చదివి వినిపించింది. అన్నీ జరిగినవే. ముద్ర వేస్తానని వేలు చాపాను. పత్రిక వకీలు అడ్డు చెప్పాడు.

"ఈ వేలు పనికిరాదు. ముప్పై ఒక్కసార్లు అబద్ధమాడిందని మనమే రాస్తున్నాం. ముప్పై రెండోసారి నిజం చెప్పిందని ఎవరు నమ్ముతారు? సంతకం కావాలి."

అన్నంతసేపూ ఆయన నా వేలు వైపే చూశాడు గానీ నా మొహం వైపు చూడలేదు. విలేకరమ్మ, దానికేముంది, పేరులో ఉన్నవి మూడక్షరాలు, బొమ్మ గీసినట్టు గీసేయొచ్చు, రెండు రోజుల్లో నేర్పిస్తానంది.

"చదవకుండా వేలు వేసినందుకే కదమ్మా ఇంత జరిగింది. చదవకుండా సంతకం పెడితే మాత్రం తేడా ఏముంది? అదే వేలు, కాస్త చదువుకున్న వేషం వేసుకుంటుంది, అంతే" అన్నాను.

విలేకరమ్మ తల పట్టుకుంది. ఏడు నెలల కష్టం, మనుషుల ప్రాణాల సంగతి, మీరిప్పుడు బడిలో చేరతానంటారేమిటని విసుక్కుంది. ఆవిడ విసుగులో న్యాయముంది. నాకు మటుకు తొందర లేదా? చెల్లి కాలు నా కళ్ళ ముందే ఉంది. అయినా ఆ కాగితం మీద చెయ్యి పెట్టబోతే ఇంకు ప్యాడు వాసన వచ్చినట్టయింది.

మూల బల్ల దగ్గర చెవి మీద పెన్సిలు పెట్టుకుని ఒక పెద్దమనిషి కూర్చుని ఉన్నాడు. అచ్చుకు వెళ్ళే ప్రతి మాటా ఆయన చూసి దిద్దాకే వెళ్ళాలి. ఆఫీసులో అందరూ ఆయన్ని ప్రూఫులాయన అంటారు, ఎదురుపడితే తప్పుకుంటారు. ఆయన ఒక కుర్చీ లాగి, "ఇలా కూర్చో చెల్లెమ్మా. ఇక్కడ చదవకుండా సంతకాలు పెట్టేవాళ్ళే అందరూ. చదివి పెడతానన్న మనిషిని ఇన్నాళ్ళకి చూశాను" అన్నాడు.

ఆ రోజు నుంచి రోజూ ఒక గంట. పాత పత్రికల్లో పెద్దక్షరాల శీర్షికలు కత్తిరించి వాటితో నేర్పాడు. నా వాంగ్మూలంలో వాక్యాలన్నీ "నేను"తోనే మొదలవుతాయి గనక ముందు ఆ మాటే నేర్పాడు. పక్క గదిలో యంత్రం తిరుగుతుంటే బల్ల వణికేది, దాంతోపాటు నా అక్షరాలూ వణికేవి. మూడింటికల్లా నివాసంలో ఉండాలి. గోడ గడియారం వైపు ఒక కన్ను, కాగితం వైపు ఒక కన్ను.

ఇస్త్రీ గదిలో కాగితం ఉంచుకుంటే ప్రమాదం. దుప్పటి మీద నీళ్ళు చిలకరించేటప్పుడు తడివేలితో అక్షరాలు రాసేదాన్ని, ఎవరైనా వస్తే ఇస్త్రీ పెట్టె పోనిచ్చేదాన్ని. ఆవిరై పోయేవి. నాతో పనిచేసే సన్నమ్మ రెండు రోజులు చూసి ఊరుకుంది. సన్నమ్మంటే మనిషి సన్నం కాదు, గొంతు సన్నం. మూడోరోజు, "ఏంటొదినా, దుప్పటికి ఉత్తరాలు రాస్తున్నావా? జవాబొస్తే నాకూ చెప్పు" అంది. ఆ తర్వాత ఎవరైనా వస్తుంటే తనే దగ్గేది.

ఒకచోట నిలబడలేకపోయేదాన్ని. ఒక చొక్కా కాలరు మాడ్చాను. ఇస్త్రీ చేసిన దుప్పటే మళ్ళీ చేశాను. ఉతికిన మూట వస్తే ముందు రెండు చుక్కలూ గీతా ఉన్న మేజోడు కోసం వెతికేదాన్ని. మరక పసుపు నుంచి గోధుమరంగుకి, అక్కడ నుంచి నలుపుకి తిరిగింది. ఉతికినా వాసన పోవడం లేదు. ఎనిమిదో రోజు సాయంత్రం చెల్లి చేతులు పట్టుకుని, ఒక్కసారి సూది వేయించుకో, నా మీద ఒట్టు అన్నాను.

"ఆవిడకి నలభై రోజులు పట్టిందక్కా. నాకు నమ్మకం తక్కువ, అందుకే ఆలస్యం. ఆవిణ్ణి ఒక్కసారి చూడగలిగితే కాళ్ళకి దణ్ణం పెట్టేదాన్ని" అంది.

ఆవిడ దాని ఎదురుగానే కూర్చుని ఉంది. చెప్పడానికి నోరు తెరిచాను. చెల్లి నా మాట కోసం చూసింది. "గంజి అయిపోయింది, రేపు తెచ్చుకోవాలి" అన్నాను.

తొమ్మిదో రోజు ఆఫీసుకి వెళ్ళి, నాలుగు పేజీలు నా వల్ల కాదు, నేను చదవగలిగినంతే ఉంచండి అన్నాను. ప్రూఫులాయన పెన్సిలు తీశాడు. ఆయన ఒక్కో వాక్యం కొట్టేస్తుంటే విలేకరమ్మ తన జుట్టు ఎవరో కత్తిరిస్తున్నట్టు బాధపడింది. ఆఖరికి పదకొండు వాక్యాలు మిగిలాయి. నేను నివాసంలో ఇస్త్రీ చేస్తాను. నేను చదువుకోలేదు. నేను శనివారాలు వేలిముద్ర వేశాను. ఆ పేర్లు నావి కావు. నాకు సుగరు లేదు. అలా పదకొండు.

రెండు రోజుల్లో గడగడా చదివేశాను. ప్రూఫులాయన కత్తెర తీసి, వాక్యాలు దేనికది కత్తిరించి, కలిపేసి బల్ల మీద పోశాడు. ఇప్పుడు చదవమన్నాడు. ఒక్కటీ చదవలేకపోయాను. నోటికి వచ్చింది చదువు కాదు చెల్లెమ్మా అన్నాడు. ఆ మాట నాకు ఎక్కడ తగలాలో అక్కడ తగిలింది. మళ్ళీ మొదటికి వచ్చాం.

పదమూడో రోజున వకీలు, సంపాదకుడు, విలేకరమ్మ చూస్తుండగా కలిపేసిన ముక్కలు ఏది చేతికొస్తే అది చదివాను. "గుమస్తా" దగ్గర ఒక్కసారి ఆగాను. తర్వాత పేరు రాశాను. రెండో అక్షరం దగ్గర పాళీ గుచ్చుకుని కాగితానికి చిల్లు పడింది. వకీలు గడియారం చూసుకున్నాడు. చూసుకోనీ అనుకున్నాను.

మర్నాడే వేస్తారనుకున్నాను. వెయ్యలేదు. పెద్దాయనకు ప్రశ్నలు పంపి జవాబు కోసం ఆగాలట, అది వాళ్ళ పద్ధతి. ఎనిమిది రోజులు ఆగారు. ఆ ఎనిమిది రోజులూ రోజూ చెల్లి ముందు కూర్చుని ఆ పుస్తకం విన్నాను. జవాబు రాలేదు. ఇరవై ఒకటో రోజు ఉదయం పత్రికలో వచ్చింది, మొదటి పేజీలో, ముప్పై ఒక్క వేళ్ళతో సహా. ఆ ఉదయమే నేను దుప్పట్ల మూట ఎత్తుకుని గేటు దాటి, అతిథుల ఇంట్లో ఇచ్చేసి, మళ్ళీ వెనక్కి వెళ్ళలేదు. ప్రూఫులాయన భార్య తమ మేడ మీది గది తుడిపించి ఉంచింది.

ఊరంతా గగ్గోలైంది. గేటు ముందు జనం పోగయ్యారు, అధికారులు వచ్చి కాగితాలు పట్టుకెళ్ళారు. లోపల మాత్రం ఏమీ కదల్లేదు. నివాసంలోకి పత్రికలు రానివ్వరు. నన్ను బయటివాళ్ళు మాయచేసి ఎత్తుకుపోయారని లోపల చెప్పారట. మా చెల్లిని తెమ్మంటే, ఇష్టపడి ఉంటున్న వయసొచ్చిన మనిషిని బలవంతంగా ఎలా తెస్తామని అధికారులు అన్నారు. ఇన్ని రోజులు నేను ఎవరి కోసం నేర్చుకున్నానో ఆ ఒక్కదానికే ఆ పదకొండు వాక్యాలు చేరలేదు.

ఉత్తరం రాశాను. విలేకరమ్మ సంగతి, ముప్పై ఒక్క ముద్రల సంగతి రాయడానికి రోజంతా పట్టింది. రాని అక్షరాలు ప్రూఫులాయన వేరే కాగితం మీద రాసి చూపించాడు. నా కాగితం ఆయన్ని ముట్టుకోనివ్వలేదు. అతిథుల ఇంటి దగ్గర సన్నమ్మను కలిసి ఇచ్చాను. రెండు చుక్కలూ గీతా ఉన్న బట్ట మడతలో పెట్టింది. రెండు రోజులకు ఉత్తరం తిరిగొచ్చింది. సన్నమ్మ నా మొహం చూడలేక ఆ బట్టల మూట వైపు చూస్తూ చెప్పింది.

"మా అక్కకి అక్షరం ముక్క రాదు, ఆవిడ పేరు పెట్టుకుని ఎవరో రాస్తున్నారు, ఇంకోసారి తెస్తే పెద్దాయనకి చెప్తానందొదినా. కాలు నేల మీద మోపలేకపోతోంది."

అక్క మాట అక్క రాయగలదని అది ఎలా నమ్ముతుంది? యాభై ఏళ్ళుగా నాకు చదివి పెట్టింది అదే. ఆ మధ్యాహ్నమంతా గదిలో గోడ నుంచి గోడకి నడిచాను. కింద నుంచి ప్రూఫులాయన భార్య, మేడ అరిగిపోతుంది, కాస్త కూర్చో వదినా అని కేకేసింది. కూర్చున్నాను. కూర్చుని రెండో ఉత్తరం రాశాను. చెల్లీ, ఇది నువ్వు పెట్టె మూత వేసిన వేలు. పుస్తకం తీసి పక్కన పెట్టి చూడు. అంతే రాసి, కింద మేడ అడ్రసు రాసి, వకీలు పనికిరాదన్న వేలిని సిరాలో ముంచి ఒత్తి, మళ్ళీ సన్నమ్మనే బతిమాలి పంపాను.

మొదటి రోజు కబురు లేదు. రెండో రోజూ లేదు. మూడో రోజు మధ్యాహ్నం వీధిలో బండి ఆగిన చప్పుడైంది. మెట్ల మీద ఒక అడుగు, ఆగడం, ఇంకో అడుగు. తలుపు తీసేసరికి చెల్లి గోడ పట్టుకుని మడమ మీద నిలబడి ఉంది. చంకలో పుస్తకం. అట్ట నిండా పెన్సిలు గీతలు, తన బళ్ళో పిల్లల జవాబులకు టిక్కులు పెట్టినట్టు.

"ముప్పై ఒకటి కాదక్కా, ముప్పై నాలుగు. మూడు చోట్ల ముద్ర అలికినట్టు పడింది. మీ విలేకరమ్మ చూసుకోలేదు" అంది.

కుర్చీ వేశాను. కూర్చోలేదు.

"నీకు ఎప్పటి నుంచి తెలుసు?"

"ఇరవై ఎనిమిది రోజులు."

లెక్కల మనిషి కదా, వేళ్ళ మీద లెక్కపెట్టలేదు. తల వంచి తన కాలి వైపు చూసుకుంది. తర్వాత, "బండి ఆగే ఉంది. ఆస్పత్రికి పద" అంది.

రెండు కాలివేళ్ళు తీసేశారు. ఇంకో వారమైతే పాదం పోయేదన్నారు. రెండు వారాల ముందైతే వేళ్ళు మిగిలేవా అని నేను అడగబోతే డాక్టరు ఇంకో మంచం దగ్గరికి వెళ్ళిపోయింది. వెళ్ళినందుకు సంతోషించాను.

ఇది జరిగి రెండేళ్ళు కావస్తోంది. కేసు నడుస్తోంది. గుమస్తా దొరకలేదు. నివాసంలో సగం మంది ఇంకా ఉన్నారు. పుస్తకం కొత్తగా వేశారట, ఈసారి వేలిముద్రలు లేకుండా. చెల్లి నాతోనే ఉంటుంది, పొద్దున్నే సూది వేసుకుంటుంది, వేసుకుని నివాసంలో నేర్చుకున్న ప్రార్థనే చేసుకుంటుంది. అదేమిటే అంటే, దేవుడు ముద్ర వెయ్యలేదుగా, వేసింది నువ్వు అంటుంది. నవ్వుతూనే అంటుంది. ఆ నవ్వులో ఎంత నవ్వుందో నాకు తెలియదు. నన్ను క్షమించావా అని అడగాలి. అడగకుండా ఉండడం వల్ల ఏమవుతుందో తెలిసినదాన్ని. రోజూ పొద్దున్న సూది డబ్బా అందిస్తూ నోరు తెరుస్తాను, గంజి సంగతో పాల సంగతో మాట్లాడతాను.

ఇది రాస్తున్నానని చెప్తే చెల్లి ఒక్కటే అంది. "ముప్పై రెండోది అని రాయకు. నీది ముప్పై అయిదో సాక్ష్యం. లెక్క తప్పు రాస్తే నేనూరుకోను." అది చదివి ఏమంటుందో చూడాలని మొదటి పేజీ దాని ముందు పెట్టాను. తప్పులు కనిపించే ఉంటాయి. పెన్సిలు తీసింది, మళ్ళీ పెట్టేసింది. నా మాటల మీద ఇంకొకరి చెయ్యి పడకూడదని దానికి ఎవరూ చెప్పనక్కర్లేదు.

నా పేరు ఆ పదకొండు వాక్యాల కింద ఉంది. ఇక్కడ అందరూ పిలిచేదే రాస్తున్నాను.

ఇస్త్రీ పెద్దమ్మ. అరవై నాలుగేళ్ళు. ప్రూఫులాయన ఇంటి మేడ మీది గది, వీధి వైపు కిటికీ, చెల్లితో.